గొంతులు ఆగాయి, పని మాత్రం సాగదు: స్కిజోఫ్రేనియాలో ఆలోచన ఎక్కడ దెబ్బతింటుంది

మందులు మొదలుపెట్టి మూడు నెలలైంది. చెవిలో వినపడే గొంతులు ఆగాయి. ఎవరో కుట్ర పన్నుతున్నారన్న అనుమానం పోయింది. నిద్ర పడుతోంది. ఇంట్లోవాళ్లు ఊపిరి పీల్చుకున్నారు. కానీ పుస్తకం తెరిస్తే ఒక పేజీ దాటడం లేదు. ‘స్నానం చేసి, మందు వేసుకుని, బట్టలు ఆరేసి రా’ అంటే స్నానం దగ్గరే ఆగిపోతోంది. నలుగురు మాట్లాడుకునేచోట కూర్చున్నా కాసేపటికే లేచి గదిలోకి వెళ్లిపోవడం. జబ్బు తగ్గింది, ఇక మిగిలింది బద్ధకమేనని ఇంట్లో తీర్మానం అయిపోతుంది.

ఆ తీర్మానం తప్పు. దానివల్ల జరిగే నష్టం చిన్నది కాదు. స్కిజోఫ్రేనియాలో ‘ఆలోచన చెడింది’ అని ఒక్క మాటలో చెప్పేదానిలో నిజానికి మూడు వేర్వేరు సంగతులు ఉన్నాయి. ఆలోచనలో ఉన్న విషయం తప్పు కావడం మొదటిది. దాన్నే భ్రమ అంటాం. ఆలోచనల అల్లిక తెగిపోవడం రెండోది, ఇది మాటలో కనపడుతుంది. ఏకాగ్రత, జ్ఞాపకం, వేగం లాంటి ఆలోచించే యంత్రాంగమే మందగించడం మూడోది. డాక్టర్లు దీన్ని కాగ్నిటివ్ లోపం అంటారు. మందులు మొదటిదాని మీద బాగా పనిచేస్తాయి, రెండోదాని మీద చాలావరకు పనిచేస్తాయి, మూడోదాన్ని దాదాపు తాకవు. చదువు, ఉద్యోగం, సొంతంగా బతకడం ఎక్కువగా ఆధారపడేది మాత్రం ఆ మూడోదాని మీదే.

ఇది కొత్తగా తెలిసిన విషయమేమీ కాదు. 1890లలో జర్మన్ వైద్యుడు ఎమిల్ క్రేపెలిన్ ఈ జబ్బుకు పెట్టిన పేరు ‘డిమెన్షియా ప్రీకాక్స్’. చిన్న వయసులోనే వచ్చే బుద్ధి క్షీణత అని దానర్థం. బుద్ధి మందగించడమే ఆయన కంటికి ప్రధానంగా కనపడింది. 1908లో స్విస్ వైద్యుడు యూజెన్ బ్లాయిలర్ ఆ పేరు మార్చి స్కిజోఫ్రేనియా అన్నాడు. భావానికీ భావానికీ మధ్య ఉండాల్సిన ముడి వదులైపోవడమే ఈ జబ్బుకు మూలమనీ, గొంతులూ భ్రమలూ దాని మీద పుట్టుకొచ్చేవేననీ ఆయన వాదన. ‘చీలిన మనసు’ అనే అర్థం ఉన్న ఆ పేరే, ఒకే మనిషిలో ఇద్దరు మనుషులు ఉంటారనే అపోహకు దారితీసింది. ఈ జబ్బులో అలాంటిదేమీ ఉండదు.

1952లో క్లోర్‌ప్రోమజీన్ అనే మందు వచ్చింది. అది గొంతులనూ భ్రమలనూ తగ్గించింది. మందు పనిచేసేచోటికే శాస్త్రం చూపు కూడా మళ్లింది. ఈనాటికీ, మానసిక జబ్బులను గుర్తించడానికి డాక్టర్లు వాడే డీఎస్ఎమ్-5 అనే అమెరికన్ పుస్తకం ప్రకారం రోగ నిర్ధారణకు చూసే ఐదు లక్షణాల్లో భ్రమలు, భ్రాంతులు (లేనివి వినపడటం, కనపడటం), అల్లిక తప్పిన మాట, అస్తవ్యస్తమైన ప్రవర్తన, ఉత్సాహం అడుగంటడం ఉన్నాయి తప్ప జ్ఞాపకం, ఏకాగ్రత లేవు. కారణం ఉంది. ఆ లోపాలు డిప్రెషన్‌లోనూ బైపోలార్‌లోనూ కూడా కనపడతాయి కాబట్టి, వాటిని బట్టి ఒక జబ్బును ఇంకో జబ్బు నుంచి విడదీయలేం. అయితే లెక్కలోకి రానిదాన్ని ఎవరూ అడగరు. పది నిమిషాల సంప్రదింపులో ‘గొంతులు వినపడుతున్నాయా?’ అని అడుగుతారు గానీ, ‘సినిమా చూస్తే కథ గుర్తుంటోందా?’ అని అడిగేవాళ్లు తక్కువ.

మాటలో కనపడే తెగిన అల్లిక

ఆలోచన నేరుగా కనపడదు. మాట ద్వారానే దాన్ని పట్టుకోవాలి. అందుకే దీన్ని గమనించేటప్పుడు అవును, కాదు అనే జవాబుతో సరిపోయే ప్రశ్నలు పనికిరావు. ‘మీ రోజు ఎలా గడుస్తుందో చెప్పండి’ లాంటి ప్రశ్న వేసి, ఐదు పది నిమిషాలు అడ్డుపడకుండా వినాలి. మొదటి నిమిషం సజావుగా సాగి మూడో నిమిషంలో దారి తప్పే మాట చాలామందిలో ఉంటుంది.

దారి తప్పడం ఇలా ఉంటుంది. ‘పొద్దున ఎన్నింటికి లేచారు?’ అంటే జవాబు: ‘ఆరింటికి. ఆరు అంటే రుచులు కూడా ఆరే కదా. చేదు మందు నాలుక మీదే ఉంటుంది. నాలుకకి నరం లేదు కాబట్టే పట్టాలు వంకర పోతాయి.’ ప్రతి వాక్యానికీ ముందు వాక్యంతో ఏదో ఒక పోగు కలుస్తూనే ఉంది. అంకె నుంచి రుచికి, రుచి నుంచి మందుకు, మందు నుంచి నాలుకకు వచ్చింది. చివరి వాక్యం దగ్గర ఆ పోగు కూడా తెగింది. ప్రశ్న మాత్రం ఎప్పుడో గాలికి పోయింది. దీన్నే డిరైల్‌మెంట్ అంటారు. బ్లాయిలర్ చెప్పిన వదులైన ముడి ఇదే.

దీనికి దగ్గరగా ఉండే రకాలు వేరే ఉన్నాయి. మొదటి వాక్యం నుంచే ప్రశ్నకు పక్కగా పోయే జవాబు ఒకటి. అర్థం వదిలేసి శబ్దం పట్టుకుని సాగేది ఇంకొకటి: ‘తాళం పోయింది, మేళం ఆగింది, గాళం పడింది.’ ఎక్కడా లేని పదం పుట్టించి అందరికీ తెలిసినట్టు వాడటం మరొకటి: ‘వాళ్లు నాకు వెలుగుతూకం పెట్టారు.’ మాట మధ్యలో ఆగిపోయి, ఏం చెబుతున్నారో తమకే తెలియకుండా పోవడమూ ఉంది. ఆ క్షణంలో ‘ఏమైంది?’ అని అడిగితే, ఆలోచనను ఎవరో లాగేసుకున్నారని కొందరు చెబుతారు. అంటే అల్లిక తెగడమే అక్కడ భ్రమకు ముడిసరుకు అవుతోంది. అమెరికన్ మనోవైద్యురాలు నాన్సీ ఆండ్రియాసెన్ 1979లో ఇలాంటి 18 రకాలకు నిర్వచనాలు ఇచ్చి, ఒక్కోదాన్నీ ఎలా గుర్తించి కొలవాలో చెప్పింది. ఈ రంగంలో ఇప్పటికీ అందరూ వాడే భాష అదే.

తేలికగా జారిపోయే రకం ఒకటుంది. మాట ధారాళంగా ఉంటుంది, వ్యాకరణం సరిగ్గా ఉంటుంది, ఐదు నిమిషాల తర్వాత వెనక్కి చూస్తే చెప్పినదేమీ ఉండదు. ‘అన్నీ ఉండాల్సిన విధంగానే ఉంటాయి, ఆ విధం కూడా ఒక పద్ధతిలో జరుగుతుంది కాబట్టి దాన్ని బట్టి మనం చూసుకోవాల్సి వస్తుంది...’ ఇలా. విన్నవాళ్లు దీన్ని లోతైన మాట అనుకునే ప్రమాదం ఉంది. పరీక్ష ఒక్కటే: విన్నదాన్ని రెండు వాక్యాల్లో తిరిగి చెప్పగలరా? చెప్పలేకపోతే అది విషయం ఇంకిపోయిన మాట.

తెలుగు వినేవాళ్లు ప్రత్యేకంగా చూసుకోవాల్సిన చోటు ఒకటి ఉంది. మన భాషలో కర్తను తరచూ వదిలేస్తాం. ‘వచ్చాడు, తీసుకున్నాడు, చెప్పలేదు’ అంటే క్రియ చివర ఉన్న ప్రత్యయమే మనిషిని పట్టిస్తుంది. ఎవరు వచ్చారో ఎవరు తీసుకున్నారో వినేవాళ్లకు ముందే తెలిసి ఉంటేనే ఆ వాక్యం నిలుస్తుంది. ఎదుటివాళ్లకు ఏది తెలుసు, ఏది తెలియదు అన్న లెక్క తప్పడం ఈ జబ్బులో సాధారణం. అందుకని ‘వాడు’, ‘అది’, ‘అక్కడ’ అన్న మాటలు ఎవరిని, దేన్ని చూపుతున్నాయో అంతుపట్టకుండా పోతాయి. వాక్యాలు విడివిడిగా బాగానే ఉన్నా మొత్తం అర్థం కాకపోతే, ముందు ఈ సర్వనామాలను లెక్కపెట్టి చూడాలి.

సామెతకు అర్థం చెప్పమని అడగడం పాత పద్ధతి. ‘మొక్కై వంగనిది మానై వంగునా’ అంటే ‘మాను లావుగా ఉంటుంది, వంచితే విరిగిపోతుంది’ అని జవాబు వస్తే, మాట వెనక ఉన్న పోలిక అందలేదని అర్థం. కానీ ఈ ఒక్క పరీక్షను నమ్ముకోకూడదు. చదువు, వయసు, ఆ సామెత ముందే తెలిసి ఉండటం జవాబును మార్చేస్తాయి. తెలిసిన సామెతకు బట్టీ పట్టిన అర్థం చెప్పేస్తారు. కొత్త పోలిక ఒకటి అప్పటికప్పుడు చెప్పి అడగడం మేలు.

బైపోలార్‌లో వచ్చే అతి ఉత్సాహపు స్థితి మేనియాలోనూ మాట దారి తప్పుతుంది. అక్కడ వేగం ఎక్కువ, ఉత్సాహం పొంగుతుంటుంది, ఒకదాని నుంచి ఇంకోదానికి దూకిన దారిని వినేవాళ్లు పట్టుకోగలరు. పక్షవాతం తర్వాత వచ్చే మాట లోపంలో పదం దొరక్క తడబడటం, ఆ తడబాటు తమకే తెలిసి బాధపడటం చాలాసార్లు కనపడతాయి. నడివయసు దాటాక మొదటిసారి, అదీ ఉన్నట్టుండి ఇలాంటి మాట వస్తే స్కిజోఫ్రేనియా అనుకునే ముందు మెదడును పరీక్ష చేయించాలి.

అల్లిక ఎందుకు తెగుతుంది? మనసులో ప్రతి పదం చుట్టూ ఒక వల ఉంటుంది. ‘సింహం’ అనగానే ‘పులి’ కాస్త మేల్కొంటుంది, పులి వల్ల ‘చారలు’ ఇంకా కొంచెం మేల్కొంటాయి. మామూలుగా ఆ రెండో మెట్టు దగ్గరికి వచ్చేసరికి కదలిక అణిగిపోతుంది. ఆలోచన అల్లిక తెగినవాళ్లలో సింహం అనగానే చారలు కూడా గట్టిగానే లేచి కూర్చుంటాయని ప్రయోగాలు చూపించాయి. దూరపు చుట్టం దగ్గరివాడిలా ముందుకు వస్తాడన్నమాట. దానికితోడు, చెప్పాలనుకున్నదాన్ని చివరిదాకా పట్టి ఉంచే వర్కింగ్ మెమరీ బలహీనంగా ఉంటే, పక్కదారి పట్టిన మాటను వెనక్కి లాగేవాళ్లు ఉండరు.

భ్రమ ఎలా గట్టిపడుతుంది

భ్రమను చాలామంది మూర్ఖత్వం అనుకుంటారు. దాని లోపలి లెక్క అంత తేలిక కాదు. 1988లో హక్, గారెటీ, హెమ్‌స్లీ అనే పరిశోధకులు చేసిన పూసల ప్రయోగం దీనికి మంచి ఉదాహరణ. రెండు జాడీలు ఉంటాయి. ఒకదానిలో ఒక రంగు పూసలు 85, రెండో రంగువి 15. ఇంకోదానిలో తిరగేసి 15, 85. ఏదో ఒక జాడీ నుంచి ఒక్కో పూస తీసి చూపిస్తారు. అది ఏ జాడీనో తేల్చుకునేదాకా ఎన్ని పూసలైనా అడగవచ్చు. మామూలుగా మనుషులు నాలుగైదు చూసి చెబుతారు. భ్రమలు ఉన్నవాళ్లలో దాదాపు సగం మంది ఒకటి రెండు పూసలకే తేల్చేస్తారు.

ఇక్కడ ఒక న్యాయమైన మాట చెప్పాలి. ఒక్క పూసతోనే సరైన జవాబు వచ్చే అవకాశం 85 శాతం. ఒకే రంగువి రెండు వస్తే 97 శాతం. కాబట్టి ఆ ప్రయోగంలో తొందరపడటం లెక్క ప్రకారం పెద్ద తప్పేమీ కాదు. బయట ప్రపంచంలో ఆధారాలు పూసలంత శుభ్రంగా ఉండవు, చిక్కు అక్కడే వస్తుంది. బస్సులో ఒకరు తనవైపు చూసి నవ్వారు. అది ఒక్క పూస. దానికి వంద కారణాలు ఉండొచ్చు. తొందరపడి తేల్చే అలవాటు ఉన్న మనసు అక్కడే జాడీ పేరు చెప్పేస్తుంది. ఈ తొందర జబ్బు లేనివాళ్లలో కూడా కొందరికి ఉంటుంది. వర్కింగ్ మెమరీ తక్కువగా ఉన్నవాళ్లలో మరీ ఎక్కువ. ఆధారాలను మనసులో పోగేసి పట్టుకోవడం కష్టమైతే, చేతికి అందినదానితోనే ముగించాలనిపించడం సహజం.

రెండో పక్షపాతం ఇంకా మొండిది. ఒక బొమ్మకో సంఘటనకో సంబంధించిన సంగతులను ఒక్కొక్కటిగా చెబుతూ పోతారు. మొదటి సంగతికి అతికిన వివరణ, మూడో సంగతి వచ్చేసరికి కుదరదని తేలుతుంది. అప్పుడు చాలామంది మనసు మార్చుకుంటారు. భ్రమలు ఉన్నవాళ్లు పాత వివరణ వైపే మొగ్గుతారు. వ్యతిరేక ఆధారం వాళ్లకు కనపడక కాదు, దానికి తూకంలో బరువు తక్కువ పడుతుంది. అందుకే ఇంట్లో గంటల తరబడి వాదించి, రుజువులు చూపించి, ప్రమాణాలు చేసినా భ్రమ కదలదు. కొన్నిసార్లు వాదించిన మనిషే ఆ కుట్రలో భాగమైపోతాడు.

అసలు మామూలు చూపు, మామూలు శబ్దం అంత ముఖ్యంగా ఎందుకు తోస్తాయి? మనోవైద్యుడు షితిజ్ కపూర్ 2003లో దీనికి ఒక వివరణ ఇచ్చాడు. మెదడులోని డోపమైన్ అనే రసాయనం పనుల్లో ఒకటి ‘ఇది ముఖ్యం, గమనించు’ అని గుర్తు వేయడం. అది అకాలంగా విడుదలైతే రోడ్డు మీద ఆగిన కారు, పేపర్లో ఒక అంకె, ఎవరో దగ్గిన దగ్గు కూడా తనకోసమే జరిగినట్టు వెలిగిపోతాయి. ఆ వెలుగుకు మనసు వెతికి తెచ్చుకునే వివరణే భ్రమ. మందు ఆ డోపమైన్‌ను అందుకునే చోట్లను, అంటే గ్రాహకాలను కప్పేసి కొత్త వెలుగులను ఆపుతుంది. అప్పటికే కట్టుకున్న కథను మాత్రం చెరిపేయదు. ఆ కథ మెల్లగా, వాడకం లేక వాడిపోవాలి. మందు మొదలుపెట్టిన వారానికే నమ్మకం పోలేదని మానేయడం తప్పు అనడానికి కారణం ఇదే. చాలామందిలో ముందు నమ్మకం పోదు, దాని గురించిన ఆందోళన పోతుంది. ‘వాళ్లు ఇంకా అక్కడే ఉన్నారు, నేనే పట్టించుకోవడం లేదు’ అన్న మాట బాగుపడుతున్నదానికి గుర్తు.

తన ఆలోచన తనది కాదనిపించడం అన్నిటికన్నా వింతైన అనుభవం. బయటివాళ్లు ఆలోచనను లోపల పెట్టారని, చేతిని ఎవరో కదిలించారని అంటారు. మెదడు తన పనికి తానే ముందుగా ఒక అంచనా వేసుకుంటుంది. మనకు మనం చక్కిలిగింత పెట్టుకోలేకపోవడానికి కారణం ఆ అంచనాయే. బ్లేక్‌మోర్, ఫ్రిత్ అనే పరిశోధకుల బృందం 2000లో చేసిన ప్రయోగంలో, గొంతులు వినపడేవాళ్లకూ తమను ఇతరులు నడిపిస్తున్నారని అనిపించేవాళ్లకూ తమ స్పర్శా ఎదుటివాళ్ల స్పర్శా దాదాపు ఒకేలా తోచాయి. ‘ఇది నేను చేసిందే’ అన్న ముద్ర పడలేదన్నమాట. అలాంటప్పుడు ‘అది నీ ఆలోచనే’ అని చెప్పడం, కళ్లకు కనపడుతున్నదాన్ని లేదనడం లాంటిదే.

ఇంట్లో ఏం మాట్లాడాలి? వాదించకూడదు, ఔననీ అనకూడదు. భయాన్ని ఒప్పుకుని, విషయాన్ని ఒప్పుకోకుండా ఉండాలి. ‘తలుపు బయట ఎవరో ఉన్నారనిపిస్తోంది కదా నాన్నా. నాకైతే ఎవరూ కనపడలేదు. భయంగా ఉంటే నేను ఇక్కడే కూర్చుంటాను’ అని తల్లి అనవచ్చు. ‘నీకు పిచ్చి’, ‘అంతా నీ ఊహే’ అన్న మాటలు తలుపు మూసేస్తాయి. నవ్వించడానికి ‘అవును, నేనూ చూశాను’ అనడం అంతకన్నా ప్రమాదం. తనకు జబ్బు లేదని అనడం కూడా చాలామందిలో మొండితనం కాదు, జబ్బులోని భాగమే. ఒప్పుకుంటేనే వైద్యం అని పట్టుబట్టడం కన్నా నిద్ర, భయం, తలలో గోల లాంటి, వాళ్లకే ఇబ్బందిగా ఉన్నదాని గురించి మాట్లాడితే డాక్టర్ దగ్గరికి దారి దొరుకుతుంది.

మందగించిన యంత్రాంగం

ఇక మూడోది. మ్యాట్రిక్స్ అనే ప్రామాణిక పరీక్షల సముదాయం దీన్ని ఏడు భాగాలుగా చూస్తుంది: వేగం, నిలకడైన ఏకాగ్రత, వర్కింగ్ మెమరీ, విన్న మాటలను నేర్చుకోవడం, చూసినవాటిని నేర్చుకోవడం, సమస్యను విప్పడం, ఎదుటివాళ్ల మనసును చదవడం. పది పరీక్షలు, గంట నుంచి గంటన్నర పడుతుంది. సగటు మనిషికి 50 వచ్చే కొలతలో స్కిజోఫ్రేనియా ఉన్నవాళ్లకు ఎక్కువగా 30 నుంచి 40 మధ్య వస్తుంది. 40 వచ్చిందంటే వందమందిలో దాదాపు 84 మంది ముందున్నట్టు. సుమారు నాలుగో వంతు మందికి మామూలు మార్కులే వస్తాయి. వాళ్లలో కూడా చాలామంది, జబ్బు లేకపోతే ఉండాల్సిన చోటు కన్నా కిందే ఉంటారు.

అన్నిటికన్నా ఎక్కువ దెబ్బ కనపడేది చాలా సాదా పరీక్షలో. ఒక్కో గుర్తుకు ఒక్కో అంకె అని పైన పట్టిక ఉంటుంది. కింద ఉన్న గుర్తులకు సరైన అంకెలు 90 సెకన్లలో వీలైనన్ని రాయాలి. తెలివితో పెద్ద పని లేదు. చూసి, ఒక క్షణం గుర్తుపెట్టుకుని, రాసి, మళ్లీ చూడాలి. ఆ చిన్న చక్రం తిరిగే వేగమే తగ్గిపోయింది. నలుగురి సంభాషణ ఎందుకు భరించలేనిదవుతుందో దీన్ని బట్టి అర్థం చేసుకోవచ్చు. మొదటి మాట జీర్ణమయ్యేలోపు మూడో మనిషి మాట్లాడుతుంటాడు. లేచి వెళ్లిపోవడం అక్కడ అలకో అహంకారమో కాదు.

జ్ఞాపకం విషయంలో ఒక ముఖ్యమైన తేడా ఉంది. అల్జీమర్స్‌లో నేర్చుకున్నది కాసేపటికే జారిపోతుంది. స్కిజోఫ్రేనియాలో లోపలికి వెళ్లడమే తక్కువ. వెళ్లింది చాలావరకు నిలుస్తుంది. కలగలిపిన పన్నెండు పదాల జాబితా వింటే మామూలుగా మనుషులు జంతువులను ఒకవైపు, పనిముట్లను ఒకవైపు మనసులోనే సర్దుకుంటారు. జబ్బు ఉన్నవాళ్లు ఆ సర్దడం తమంతట తాము చేయరు. ముందే సర్ది ఇస్తే గుర్తుండేది పెరుగుతుంది. అంటే పదిసార్లు చెప్పడం కన్నా, విభజించి ఒకసారి చెప్పించుకోవడం మేలు: ‘ఇప్పుడు నేను చెప్పినవి ఏంటో నువ్వు ఒకసారి చెప్పు.’

సమస్యను విప్పడంలో లోపాన్ని చూపేది విస్కాన్సిన్ కార్డుల పరీక్ష. కార్డులను రంగును బట్టో ఆకారాన్ని బట్టో అంకెను బట్టో పేర్చాలి. నియమం ఎవరూ చెప్పరు. తప్పో ఒప్పో మాత్రం చెబుతారు. వరసగా పది సరిగ్గా పేర్చగానే నియమం చెప్పాపెట్టకుండా మారుతుంది. తప్పు, తప్పు అని వినపడుతున్నా పాత నియమం ప్రకారమే పేర్చుకుంటూ పోవడం ఇక్కడ కనపడే లోపం. రోజూ ఎక్కే బస్సు రాకపోతే ఇంకో బస్సు ఎక్కకుండా అక్కడే రెండు గంటలు నిలబడిపోవడం దీనికి ఇంట్లోవాళ్లు చూసే రూపం.

ఈ లోపాలు జబ్బు బయటపడ్డాక వచ్చినవి కావు. తర్వాత స్కిజోఫ్రేనియా వచ్చిన పిల్లలకు, జబ్బుకు ఎన్నో ఏళ్ల ముందే ఐక్యూ సగటున ఎనిమిది పాయింట్లు తక్కువగా ఉన్నట్టు తేలింది. జబ్బు బయటపడే సమయంలో ఇంకొంత పడిపోతుంది. ఆ తర్వాత చాలామందిలో అక్కడే నిలుస్తుంది. క్రేపెలిన్ భయపడినట్టు ఏటేటా కిందికి జారిపోయే జబ్బు కాదిది. చాలా కుటుంబాలకు ఈ సంగతి ఎవరూ చెప్పరు.

జబ్బు వల్ల కానివి

మందగింపు అంతా జబ్బు లెక్కలో వేయకూడదు. సరిదిద్దగలిగేవి ముందు వెతకాలి. వణుకు, బిగుతు తగ్గడానికి ఇచ్చే ట్రైహెక్సిఫెనిడిల్ కొత్త విషయాలు గుర్తుండకుండా చేస్తుంది. వణుకు ఎప్పుడో తగ్గిపోయినా ఏళ్ల తరబడి అదే చీటీలో కొనసాగడం సాధారణం. దాన్ని సొంతంగా ఒక్కసారి ఆపకూడదు. డాక్టర్‌ను అడిగి వారాల మీద తగ్గించుకోవాలి. నిద్రకు ఇచ్చే బెంజోడయజెపైన్లు కూడా జ్ఞాపకాన్ని మసకబారుస్తాయి. అసలు మందు మోతాదు కూడా చూడాలి. డీ2 అనే రకం డోపమైన్ గ్రాహకాల్లో సుమారు 65 శాతం కప్పినప్పుడు చాలా మందులు పనిచేయడం మొదలుపెడతాయి. 80 శాతం దాటితే బిగుతు, మందకొడితనం పెరుగుతాయి తప్ప లాభం పెరగదు. గురక, పగటి నిద్ర ఉంటే స్లీప్ అప్నియా (నిద్రలో ఊపిరి ఆగి ఆగి రావడం) ఉందేమో చూడాలి. థైరాయిడ్, బీ12, షుగర్ పరీక్షలు, గంజాయి వాడకం, డిప్రెషన్ కూడా ఈ వరసలోవే.

ఉత్సాహం అడుగంటడం వేరు, కాగ్నిటివ్ లోపం వేరు. తేడా తెలియాలంటే పనిని పక్కనుండి గమనించాలి. పని మొదలే పెట్టకపోతే మొదటిది అనుమానించాలి. మొదలుపెట్టి, మధ్యలో దారి తప్పి వదిలేస్తే రెండోది. చాలామందిలో రెండూ ఉంటాయి. అయినా ఏది ముందో తెలిస్తే సాయం ఎలా చేయాలో తెలుస్తుంది.

ఏం పనిచేస్తుంది

కొత్త మందుల మీద పెట్టుకున్న ఆశలు చాలావరకు నెరవేరలేదు. కాగ్నిటివ్ లోపం కోసమే తయారైన ఐక్లెపర్టిన్ అనే మందు 2025 జనవరిలో మూడో దశ పరీక్షల్లో విఫలమైంది. 2024 సెప్టెంబరులో అమెరికాలో అనుమతి పొందిన జానోమెలిన్-ట్రోస్పియం డోపమైన్ గ్రాహకాలను కప్పకుండా మస్కరినిక్ అనే వేరే రకం గ్రాహకాల ద్వారా పనిచేస్తుంది. ఆ అనుమతి జబ్బుకే తప్ప జ్ఞాపకానికి కాదు. మందు వేసుకున్నాక పరీక్షలో మార్కులు పెరిగాయన్న వార్తలను కూడా జాగ్రత్తగా చదవాలి. అదే పరీక్ష రెండోసారి రాస్తే, మందు లేని మనిషికీ మార్కులు పెరుగుతాయి.

ఇప్పటివరకు ఆధారాలు గట్టిగా ఉన్నది కాగ్నిటివ్ రెమిడియేషన్ అనే శిక్షణకు. 2011లో 40 అధ్యయనాలను, రెండు వేలకు పైగా మందిని కలిపి చూసిన విశ్లేషణలో దాని ప్రభావం 0.45 అని తేలింది. అంటే చిన్నదానికన్నా ఎక్కువ, మధ్యస్థానికి దగ్గర. మామూలుగా వారానికి రెండు మూడు సార్లు, ఒక్కోసారి 45 నిమిషాల నుంచి గంట, మూడు నుంచి ఆరు నెలలు సాగుతుంది. పనిచేసే శిక్షణలో నాలుగు దినుసులు ఉండాలి: పక్కన శిక్షకుడు, పదేపదే సాధన, ‘ఈసారి ఎలా చేస్తే తేలికైంది?’ అని ఉపాయాన్ని మాటల్లో పెట్టించడం, ఆ ఉపాయాన్ని నిజమైన పనిలోకి తెచ్చే అభ్యాసం. చివరి రెండూ లేకుండా ఫోన్లో మెదడు ఆటలు ఆడిస్తే ఆ ఆటలో మార్కులు పెరుగుతాయి, జీవితం మారదు. ఉద్యోగ శిక్షణతో జోడిస్తే ఫలితం బాగుంటుంది.

తొందరపడి తేల్చే అలవాటుకు మెటాకాగ్నిటివ్ ట్రైనింగ్ ఉంది. హాంబర్గ్‌లో స్టెఫెన్ మోరిట్జ్ బృందం తయారుచేసిన పద్ధతి ఇది. చిన్న గుంపులో, బొమ్మల ద్వారా నడుస్తుంది. ఎవరి భ్రమనూ నేరుగా ప్రశ్నించరు. అందరూ తప్పుగా ఊహించే బొమ్మ చూపించి, ఎందుకు తప్పామో మాట్లాడుకుంటారు. వేగంగా నడక లాంటి, ఊపిరి వేగం పెంచే వ్యాయామం కూడా కాగ్నిటివ్ మార్కులను కొంత పెంచుతుంది.

లోపాన్ని సరిచేయడం ఒక దారి అయితే, చుట్టూ ఉన్న పరిసరాన్ని సరిచేయడం ఇంకో దారి. చాలా ఇళ్లలో త్వరగా ఫలితం ఇచ్చేది ఇదే. మందుల డబ్బా రోజుల వారీ గడులున్నదై ఉండాలి, మందు వేసుకునేచోటే ఉండాలి. ఒకసారికి ఒకే మాట చెప్పాలి, అది అయ్యాకే రెండోది. పని మొదలే కానివాళ్లకు ఒక్కో మెట్టుకూ గుర్తు కావాలి: అద్దం పక్కన ‘బ్రష్, ముఖం, మందు’ అని రాసిన కాగితం, అలారం. మొదలయ్యాక పక్కదారి పట్టేవాళ్లకు గుర్తులు పెంచడం కాదు, కళ్లెదుట ఉన్న వస్తువులు తగ్గించడం కావాలి. అలమరలో ఆ వారానికి కావాల్సిన ఏడు జతలే ఉంచడం ఒక ఉదాహరణ.

ఇవి ఎక్కడ చెడతాయో కూడా తెలిసి ఉండాలి. కాగితాలు ఎక్కువైతే గోడలో కలిసిపోతాయి, రెండు మూడు వారాలకు ఒకసారి రంగూ చోటూ మార్చాలి. అలారం మోగినప్పుడు ఏం చేయాలో రాసి లేకపోతే, దాన్ని ఆపడమే పని అయిపోతుంది. అన్నిటికన్నా పెద్ద పొరపాటు, మనిషి లేని సమయంలో గోడలకు కాగితాలు అంటించడం. అన్నిటిలోనూ తనకోసం సంకేతాలు ఉన్నాయని ఒకప్పుడు నమ్మినవాళ్లకు, ఉదయాన్నే గోడ మీద కనపడే ‘మందు వేసుకో’ అన్న అక్షరాలు ఎలా తోస్తాయో ఊహించుకోవచ్చు. కాగితం మీద రాత వాళ్ల చేతిదే కావాలి, అంటించే చోటు వాళ్లు ఎంచుకున్నదే కావాలి.

చదువుకూ ఉద్యోగానికీ తిరిగి వెళ్లే ముందు పరీక్ష చేయించడం మంచిది. కానీ జబ్బు తీవ్రంగా ఉన్న రోజుల్లో కాదు, మందు మోతాదు స్థిరపడి, నిద్ర కుదిరాక. బీఏసీఎస్ లాంటి చిన్న పరీక్ష 35 నిమిషాల్లో అయిపోతుంది. దాని ఫలితాన్ని ‘చదవగలడు, చదవలేడు’ అనే తీర్పుగా కాకుండా పటంగా చదవాలి. వేగం తక్కువైతే పరీక్షలో అదనపు సమయం అడగాలి. విన్నది నిలవకపోతే పాఠం రికార్డు చేసుకోవాలి, పై అధికారి పనిని రాతలో ఇవ్వాలి. ఏకాగ్రత తక్కువైతే పూర్తి రోజు బదులు రెండు మూడు గంటల పనితో మొదలుపెట్టాలి.

ఈ మందగింపు నెమ్మదిగా, నిలకడగా ఉండేది. గంటల్లోనో రెండు మూడు రోజుల్లోనో అయోమయం వచ్చి, తేదీ, చోటు తెలియకుండా, స్పృహ వచ్చిపోతూ ఉంటే అది స్కిజోఫ్రేనియా ముదరడం కాదు. ఒంట్లో ఇంకేదో జరుగుతోంది. దానికి తోడు ఒళ్లు కాలిపోయే జ్వరం, కండరాలు కర్రలా బిగుసుకోవడం ఉంటే, అది గొంతులనూ భ్రమలనూ తగ్గించే యాంటీసైకోటిక్ మందు వల్ల అరుదుగా వచ్చే ప్రాణాంతక స్థితి కావచ్చు. తర్వాతి మోతాదు వేయకుండా, వాడుతున్న మందుల చీటీతో సహా వెంటనే ఆసుపత్రి అత్యవసర విభాగానికి తీసుకెళ్లాలి.